కాండిన్‌స్కీ రంగుల్లో సంగీతం ఎంత?

వాసిలీ కాండిన్‌స్కీ (1866–1944) రష్యాలో పుట్టాడు, జర్మనీలో చిత్రకారుడయ్యాడు, ఫ్రాన్స్ పౌరుడిగా కన్నుమూశాడు. మనిషి, చెట్టు, ఇల్లు లాంటి గుర్తుపట్టగల వస్తువేదీ లేకపోయినా రంగులు, గీతలు, ఆకారాలతోనే బొమ్మ నిలబడగలదని చూపించిన తొలితరం చిత్రకారుల్లో ఆయన ముఖ్యుడు. ఇలాంటివాటినే నైరూప్య చిత్రాలంటాం. ఆయన పేరెత్తితే సంగీతం మాట రాకుండా ఉండదు. రంగులు ఆయనకు వినిపించేవనీ, విన్న పాటలనే బొమ్మలుగా వేశాడనీ తరచూ రాస్తుంటారు. మొదటి మాటకు కొంత ఆధారం ఉంది. రెండోదాన్ని ఆయనే కాదన్నాడు.

వీణ మీద రాగాలాపన సాగుతుంటే ‘ఇది దేని గురించి?’ అని శ్రోత అడగడు. మాటలు లేవు, కథ లేదు, అయినా మనసు కదులుతుంది. బొమ్మ దగ్గరికొచ్చేసరికి ఐరోపాలో 19వ శతాబ్దం చివరిదాకా ఆ ప్రశ్న తప్పేది కాదు. బొమ్మంటే దేనిదో ఒకదాని బొమ్మ. సంగీతానికున్న వెసులుబాటు చిత్రానికి ఎందుకు ఉండకూడదన్నదే కాండిన్‌స్కీ జీవితమంతా వెంటాడిన ఆలోచన. ఆయన సంగీతం నుంచి మొదట ఈ స్వేచ్ఛను తీసుకున్నాడు. తర్వాత, స్వేచ్ఛ ఒక్కటే చాలదని తెలిసి, అందులోని శాస్త్రాన్ని కూడా తెచ్చుకోవాలనుకున్నాడు.

ఆయన 1866 డిసెంబరులో మాస్కోలో ఒక టీ వ్యాపారి ఇంట పుట్టాడు. 1871లో కుటుంబం నల్లసముద్రం ఒడ్డున ఉన్న ఒడెస్సాకు మారింది. తల్లిదండ్రులు విడిపోవడంతో పిల్లవాడిని ఎక్కువగా పిన్ని పెంచింది. చిన్నప్పుడే పియానో, సెల్లో నేర్చుకున్నాడు. బొమ్మలు కూడా వేసేవాడు గానీ అది బతుకుతెరువు అవుతుందని ఇంట్లో ఎవరూ అనుకున్నట్టు లేదు. 1886లో మాస్కో విశ్వవిద్యాలయంలో న్యాయశాస్త్రం, ఆర్థికశాస్త్రం చదవడానికి చేరాడు.

చదువులో భాగంగానే 1889లో ఉత్తరాన వోలోగ్డా ప్రాంతానికి వెళ్లాడు. అక్కడి కోమి తెగవారి ఆచారాలు, గ్రామాల్లోని న్యాయపద్ధతులు తెలుసుకోవడం పని. ఆ పల్లెల్లో చెక్క ఇళ్లు, లోపలి సామాను, గోడలు అన్నీ ముదురు రంగుల బొమ్మలతో నిండి ఉండేవి. ఆ ఇళ్లలో అడుగుపెడితే బొమ్మను ఎదురుగా నిలబడి చూసినట్టు కాక, బొమ్మ లోపలికే నడిచి వెళ్లినట్టు అనిపించిందని తర్వాత రాసుకున్నాడు. ఆయన పెద్ద కాన్వాసుల ముందు నిలబడినవారికి కలిగే అనుభవానికి బీజం బహుశా ఇక్కడే ఉంది. న్యాయశాస్త్రం ఆయనకు చేసిన మేలు మరి ఇదే.

1890ల మధ్యలో మాస్కోలో జరిగిన రెండు ఘటనలు ఆయన దారి మార్చాయి. ఫ్రెంచి చిత్రాల ప్రదర్శనలో క్లోడ్ మోనే వేసిన గడ్డివాము చిత్రం ముందు నిలబడి, అదేమిటో పోల్చుకోలేకపోయాడు. చేతిలోని జాబితా చూశాకే గడ్డివామని తెలిసింది. పోల్చుకోలేకపోయినందుకు మొదట చిరాకు పడ్డాడు గానీ బొమ్మ మాత్రం మనసులోంచి పోలేదు. వస్తువు తెలియకపోయినా రంగు తన పని తాను చేసిందన్నమాట. రెండోది వాగ్నర్ సంగీత నాటకం ‘లోహెన్‌గ్రిన్’. నాటకశాలలో వయొలిన్లు, లోతైన మంద్రస్వరాలు, గాలి వాద్యాలు మోగుతుంటే తనకు తెలిసిన రంగులన్నీ కళ్లముందు మెదిలాయనీ, పిచ్చిగీతల్లాంటివి ఎదుట గీసుకుపోయాయనీ చెప్పుకున్నాడు. ఈ జ్ఞాపకాలను 1913లో, అంటే దాదాపు రెండు దశాబ్దాల తర్వాత, ప్రసిద్ధుడయ్యాక రాశాడు. కాస్త మెరుగు పెట్టి ఉండవచ్చు. ఆయన తీసుకున్న నిర్ణయం మాత్రం నిజం. 1896లో దోర్పాట్ విశ్వవిద్యాలయం ఆచార్య పదవి ఇస్తామంటే కాదని, ముప్పై ఏళ్ల వయసులో చిత్రకళ నేర్చుకోవడానికి మ్యూనిక్ బండెక్కాడు.

మ్యూనిక్‌లో మొదట ఆంటన్ ఆజ్‌బె నడిపే బడిలో, తర్వాత ఫ్రాంజ్ ఫాన్ స్టుక్ దగ్గర నేర్చుకున్నాడు. 1901లో స్నేహితులతో కలిసి ‘ఫాలాంక్స్’ అనే కళాకారుల బృందం పెట్టాడు. ఆ బృందం నడిపిన బడిలో విద్యార్థినిగా చేరిన గాబ్రియెలె ముంటర్ ఆ తర్వాత పుష్కరకాలానికి పైగా ఆయన సహచరిగా ఉంది. స్వయంగా మంచి చిత్రకారిణి. 1909లో ఆల్ప్స్ పర్వతాల దిగువన మూర్నౌ అనే ఊళ్లో ఆమె ఇల్లు కొనడంతో ఇద్దరూ వేసవులు అక్కడే గడిపారు. ఆ పరిసరాల్లో గాజు పలకల వెనకవైపు బొమ్మలు వేసే జానపద కళ ఉంది. గట్టి నల్ల గీత, కలపని పచ్చి రంగులు దాని లక్షణాలు. మూర్నౌ చిత్రాల్లో ఇళ్లు, కొండలు, చర్చి గోపురం ఇంకా ఉన్నాయి. కానీ ఏడాదికేడాది అవి రంగులో కరిగిపోతుంటాయి. ఈ కాలపు కథ ఒకటి ఆయనే చెప్పాడు. ఓ సాయంత్రం స్టూడియోకి తిరిగొచ్చేసరికి మసక వెలుతురులో, వస్తువేదీ లేని అద్భుతమైన బొమ్మ ఒకటి గోడవారగా కనిపించింది. దగ్గరికి వెళ్తే అది తన బొమ్మే, పక్కకి తిప్పి పెట్టి ఉంది. తన చిత్రాలకు వస్తువులే అడ్డమని ఆ క్షణాన తెలిసిందట.

వస్తువు తీసేయడం తేలిక. దాని స్థానంలో బొమ్మను నిలబెట్టేదేమిటి? ఏ ఆధారమూ లేకుండా రంగులు పరిస్తే అది తివాచీ మీది అల్లిక అవుతుందని ఆయనే భయపడ్డాడు. ఇక్కడే సంగీతం ఆసరా అయింది. స్వరాలు ప్రకృతిలో దేన్నీ అనుకరించవు. అయినా వాటి మధ్య ఏది దేనితో పొసగుతుందో చెప్పే శాస్త్రం శతాబ్దాలుగా ఉంది. రంగుకూ అలాంటి శాస్త్రం కట్టవచ్చన్న ఆశతో రాసిన పుస్తకమే ‘కళలో ఆధ్యాత్మికత’. 1911 చివర్లో మ్యూనిక్‌లో వెలువడింది.

అందులో రంగులకూ వాద్యాలకూ పొత్తు కుదిర్చాడు. ఎంత ముదిరితే అంత చెవుల్లో గుచ్చుకునే బూర పసుపు. లేత నీలం వేణువు. నీలం చిక్కబడే కొద్దీ సెల్లో, ఆపైన డబుల్ బాస్, చివరికి చర్చిలోని ఆర్గన్ గంభీర నాదం. ఆకుపచ్చ అంటే వయొలిన్ మధ్యస్థాయిలో నిదానంగా సాగే స్వరం. సింధూరపు ఎరుపులో ట్యూబా, పెద్ద డోలు వినిపిస్తాయి. నారింజకు మధ్యస్థాయి చర్చి గంట, ఊదాకు ఇంగ్లిష్ హారన్, బసూన్‌ల మంద్రం. తెలుపు నిశ్శబ్దమే గానీ ఇంకా ఏదో మొదలుకాబోయే విరామం. నలుపు, ఇక ఏమీ మిగలని ఆఖరి విరామం. ఈ జాబితాలోకెల్లా తెలుపు, నలుపుల గురించి రాసినదే గొప్పది. మిగతావాటిని చదువరి ఒప్పుకోకపోవచ్చు, ఈ రెండింటితో వాదించడం కష్టం.

ఇదంతా ఆయనకు నిజంగానే వినిపించేదా? ఒక ఇంద్రియానికి తగిలింది మరో ఇంద్రియంలో పలకడాన్ని శాస్త్రజ్ఞులు సినెస్థీసియా అంటారు. కొందరికి పుట్టుకతోనే ఉంటుంది. కాండిన్‌స్కీకి ఉండేదని కొందరు పరిశోధకులు, అవి ఆలోచించి కట్టుకున్న పోలికలని మరికొందరు అంటారు. పుస్తకంలోని పద్ధతి చూస్తే రెండోవైపే మొగ్గు కనిపిస్తుంది. సినెస్థీసియా ఉన్నవారి జతలకు కారణాలు ఉండవు, ఒకరికి నీలంగా తోచిన స్వరం ఇంకొకరికి గోధుమరంగు కావచ్చు. కాండిన్‌స్కీ మాత్రం వెచ్చన–చల్లన, ముందుకొచ్చేది–వెనక్కు తగ్గేది అంటూ ప్రతి జతకూ కారణం చూపిస్తాడు.

ఆ పుస్తకం వెనక ఉన్న ప్రభావాల్లో ఒకటి మన దేశం దాకా వస్తుంది. బ్లావట్‌స్కీ స్థాపకుల్లో ఒకరైన దివ్యజ్ఞాన సమాజాన్ని కాండిన్‌స్కీ పేరుపెట్టి ప్రస్తావించాడు. ఆ సమాజానికి 1907 నుంచి అధ్యక్షురాలై మద్రాసు అడయారులో ఉన్న అనీ బిసెంట్, లెడ్‌బీటర్‌తో కలిసి అంతకుముందే ‘థాట్ ఫార్మ్స్’ అనే పుస్తకం తెచ్చింది. మదనపల్లె కళాశాల స్థాపకురాలిగా తెలుగువారికి తెలిసిన బిసెంటే ఈమె. మనసులోని భావాలకు రంగూ రూపూ ఉంటాయన్నది ఆ పుస్తకం వాదన. చివర్లో మెండెల్సన్, గూనో, వాగ్నర్‌ల సంగీతం చర్చిలో మోగుతుంటే కప్పు మీదుగా లేచే రంగుమేఘాల బొమ్మలు మూడున్నాయి. దాని జర్మన్ అనువాదాన్ని కాండిన్‌స్కీ ఎరుగును. ఆ వాదనను ఎంతవరకు నమ్మాడన్నది వేరే సంగతి. వస్తువు లేని బొమ్మకు అర్థం ఉండగలదన్న ధైర్యం మాత్రం అలాంటి పుస్తకాల నుంచీ వచ్చింది.

స్వరకర్త ఆర్నాల్డ్ షోన్‌బర్గ్‌తో పరిచయం వీటన్నిటికంటే లోతైనది. 1911 జనవరి 2న మ్యూనిక్‌లో షోన్‌బర్గ్ రచనల కచేరీ జరిగింది. రెండో తంత్రీ చతుష్టయం, మూడు పియానో రచనలు అందులో ఉన్నాయి. కాండిన్‌స్కీ, ముంటర్, చిత్రకారుడు ఫ్రాంజ్ మార్క్ తదితరులు కలిసి వెళ్లారు. పాశ్చాత్య సంగీతంలో అప్పటివరకు ప్రతి రచనకూ ఒక ఆధార స్వరం ఉండేది. ఎంత దూరం వెళ్లినా చివరికి అక్కడికి చేరాల్సిందే. షోన్‌బర్గ్ ఆ ఆధారాన్నే వదిలేశాడు. పొసగని స్వరాలను పొసగేవాటిలోకి తెచ్చి ముగించాలన్న నియమాన్నీ తోసేశాడు. శ్రోతలు చాలామంది మండిపడిన సంగీతం అది. తాను బొమ్మలో వస్తువును వదలడానికి తంటాలు పడుతుంటే, ఇంకొకడు సంగీతంలో శ్రుతి ఆధారాన్నే వదిలేశాడని కాండిన్‌స్కీకి అర్థమైంది.

కచేరీ ముగిసిన వెంటనే గీసుకున్న చిత్తుబొమ్మల్లో హాలు, పియానో, ముందుకు వంగిన జనం గుర్తుపట్టేలా ఉన్నారు. వాటి నుంచి వేసిందే ‘ఇంప్రెషన్ 3 (కచేరీ)’. కాన్వాసులో సింహభాగాన్ని పసుపు ముంచెత్తింది. పైన నల్లటి పెద్ద ముద్ద, అది పియానో మూత. ఎడమవైపు వంగిన రంగు మరకలు శ్రోతలు. నిలువుగా నిలిచిన తెల్లని పట్టీలు హాలు స్తంభాలు కావచ్చు. విన్న రచనలోని ఏ వరుసనూ ఇది అనుసరించదు. ఒక శబ్దం గదిని నింపినప్పటి స్థితి ఇది.

అప్పటికి షోన్‌బర్గ్‌తో ముఖపరిచయం కూడా లేదు. జనవరి 18న ఉత్తరం రాశాడు. ఒక్కో స్వరధార తన దారిన తాను బతుకుతూనే మొత్తంలో కలిసే తీరు ఆ సంగీతంలో ఉందనీ, తాను బొమ్మల్లో వెతుకుతున్నదీ అదేననీ దాని సారాంశం. షోన్‌బర్గ్ కూడా అప్పట్లో బొమ్మలు వేస్తుండేవాడు. స్నేహం అల్లుకుంది. ఆ డిసెంబరులో కాండిన్‌స్కీ, మార్క్‌లు జరిపిన ‘బ్లూ రైడర్’ బృందం తొలి ప్రదర్శనలో షోన్‌బర్గ్ చిత్రాలు ఉన్నాయి. 1912లో వెలువడిన ‘బ్లూ రైడర్’ సంకలనంలో ఆయన వ్యాసం, ఆయనవీ శిష్యులు బెర్గ్, వెబెర్న్‌లవీ స్వరలిపులు అచ్చయ్యాయి. చిత్రకారుల పుస్తకంలో ఇంత సంగీతం అప్పటికి వింతే. ‘పసుపు నాదం’ అనే కాండిన్‌స్కీ రంగస్థల రచన కూడా అందులోదే. రంగు కాంతి, కదలిక, శబ్దం తప్ప కథంటూ లేని ఆ నాటకానికి స్నేహితుడు తోమాస్ ఫాన్ హార్ట్‌మన్ సంగీతం కూర్చాడు. రచయిత జీవించి ఉండగా అది రంగస్థలం ఎక్కలేదు.

బొమ్మలకు పేర్లు కూడా సంగీతం నుంచే తెచ్చాడు. బయట చూసిందో విన్నదో ఆధారంగా వేసినవి ‘ఇంప్రెషన్లు’. మనోధర్మంతో, లోపలి నుంచి ఒక్కసారిగా పుట్టుకొచ్చినవి ‘ఇంప్రొవైజేషన్లు’. ఎన్నో చిత్తుప్రతుల తర్వాత, తూచి కూర్చినవి ‘కంపోజిషన్లు’. మూడో రకానివి జీవితం మొత్తంలో పదే వేశాడు. వాటిలో 1913 నాటి ‘కంపోజిషన్ 7’ అన్నిటికన్నా పెద్దది, ఎత్తు రెండు మీటర్లు, వెడల్పు మూడు. దానికి ముప్పైకి పైగా నీటిరంగుల, తైలవర్ణ చిత్తుబొమ్మలున్నాయి. ఇంత కసరత్తు చేసి, అసలు బొమ్మను మాత్రం నవంబరు 25 నుంచి 28 వరకు, నాలుగు రోజుల్లో ముగించాడు. దశదశకూ ముంటర్ ఫొటోలు తీసిపెట్టింది. ప్రళయం, పునరుత్థానం లాంటి బైబిల్ ఘట్టాలు చిత్తుబొమ్మల్లో లీలగా కనిపిస్తాయి. తుదిరూపంలో ఎడమ కిందిమూలన తెడ్లున్న పడవలాంటిది తప్ప మిగిలిందల్లా రంగుల పోరు. ఇప్పుడు మాస్కోలోని త్రెత్యకోవ్ గ్యాలరీలో ఉంది. ఫొటోలో చూసి అంచనా వేయకూడని బొమ్మ, చిన్నదైతే ఇది గందరగోళంలా కనిపిస్తుంది.

సంగీతాన్ని బొమ్మగా వేయడం తన ఉద్దేశం కాదనీ, అది అసాధ్యమనీ ఆయన చెప్పింది ఈ చిత్రం తర్వాతే, 1914లో కొలోన్ నగరం కోసం రాసిన ఉపన్యాసంలో. స్వరాన్ని రంగులోకి తర్జుమా చేయడం వేరు, స్వరకర్త పనితీరుతో బొమ్మ కట్టడం వేరు. ఆయనది రెండోది.

నైరూప్య చిత్రకళకు కాండిన్‌స్కీయే ఆద్యుడని చాలాకాలం రాశారు. ఇప్పుడు అలా రాయడం కష్టం. స్వీడన్ చిత్రకారిణి హిల్మా ఆఫ్ క్లింట్ 1906 నుంచే అలాంటి బొమ్మలు వేసింది. 1910 అని తేదీ ఉన్న కాండిన్‌స్కీ నీటిరంగుల చిత్రాన్ని 1913 ప్రాంతంలో వేసి ఉంటాడని చాలామంది నిపుణుల అభిప్రాయం. లిథువేనియా స్వరకర్త, చిత్రకారుడు చుర్ల్యోనిస్ కూడా అంతకుముందే తన చిత్రమాలలకు ‘సొనాటా’లని పేరు పెట్టాడు.

1914లో యుద్ధం రావడంతో రష్యా పౌరుడైన కాండిన్‌స్కీ జర్మనీ విడిచి వెళ్లాల్సి వచ్చింది. ముంటర్‌తో బంధం 1916లో తెగింది. 1917లో మాస్కోలో నీనాను పెళ్లాడాడు. విప్లవం తర్వాత కొత్త ప్రభుత్వ కళాశాఖలో మ్యూజియాలు, విద్య పనులు చూశాడు. అయితే అక్కడి యువ కళాకారులకు కావాల్సింది యంత్రాలకు, కర్మాగారాలకు పనికొచ్చే కళ. రంగుల అంతర్నాదం గురించి మాట్లాడే మనిషి వారికి పాతకాలపువాడిగా కనిపించాడు. 1921 చివర్లో రష్యా విడిచిపెట్టాడు, మళ్లీ వెళ్లలేదు.

1922లో స్థాపకుడు వాల్టర్ గ్రోపియస్ పిలుపుతో జర్మనీలో వైమార్‌లోని బౌహౌస్ కళాశాలలో అధ్యాపకుడయ్యాడు. అదే ఏడాది డిసెంబరులో కలకత్తాలో ఇండియన్ సొసైటీ ఆఫ్ ఓరియంటల్ ఆర్ట్ ప్రదర్శనకు బౌహౌస్ నుంచి వచ్చిన చిత్రాల్లో కాండిన్‌స్కీవీ ఉన్నాయి. గగనేంద్రనాథ్ ఠాగూర్ తదితరుల బొమ్మలతో పాటు అవి భారతీయుల కంటబడ్డాయి.

బౌహౌస్‌లో ఆయన చిత్రాలు మారిపోయాయి. ఉప్పొంగే మరకల స్థానంలో వృత్తాలు, త్రిభుజాలు, స్కేలు పెట్టి గీసిన గీతలు వచ్చాయి. 1923 నాటి ‘కంపోజిషన్ 8’ ఈ దశకు గుర్తు. ఏ రంగు ఏ ఆకారానికి తగునో చెప్పమని అక్కడివారికి ప్రశ్నపత్రం పంచిపెట్టాడు. త్రిభుజానికి పసుపు, చతురస్రానికి ఎరుపు, వృత్తానికి నీలం అన్నది ఆయన తీర్పు. 1926లో వచ్చిన ‘బిందువు, గీత, తలం’ పుస్తకంలో బీథోవెన్ ఐదో సింఫనీ ఆరంభాన్ని చుక్కలుగా రాసి చూపాడు. సన్నగీత వయొలిన్‌కూ వేణువుకూ, కాస్త లావుది వియోలాకూ క్లారినెట్‌కూ చెందుతాయని వివరించాడు. అంతకుముందు రంగుకు చేసిన పనిని ఇక్కడ గీతకు చేశాడు. చదవడానికి మాత్రం మొదటి పుస్తకమంత వేడి ఇందులో లేదు. పక్కింట్లో చిత్రకారుడు పాల్ క్లే ఉండేవాడు. క్లే చేయి తిరిగిన వయొలిన్ విద్వాంసుడు, ఆయన భార్య పియానో నేర్పేది. చిత్రంలో సంగీతం గురించి మాట్లాడుకోవడానికి ఇంతకన్నా తగిన పొరుగు దొరకదు.

ఈ కాలంలోనే షోన్‌బర్గ్‌తో స్నేహం దెబ్బతింది. వైమార్ సంగీత పాఠశాల బాధ్యత తీసుకోమని 1923లో కాండిన్‌స్కీ రాశాడు. బౌహౌస్‌లో, కాండిన్‌స్కీలో కూడా యూదు వ్యతిరేకత ఉందని విన్న షోన్‌బర్గ్ నిప్పులు చెరుగుతూ జవాబిచ్చాడు. తర్వాత పదేళ్లలో జర్మనీలో జరిగినవి తలచుకుంటే ఆ కోపంలో ముందుచూపే ఎక్కువ కనిపిస్తుంది. 1927లో విహారానికి వెళ్లినచోట ఇద్దరూ తారసపడి మళ్లీ మాట్లాడుకున్నారు.

1928 ఏప్రిల్‌లో, బౌహౌస్ అప్పటికి తరలివెళ్లిన డెస్సౌ నగరపు నాటకశాలలో, రష్యా స్వరకర్త ముసోర్గ్‌స్కీ ‘ప్రదర్శనలోని చిత్రాలు’ సంగీతానికి కాండిన్‌స్కీ రంగస్థల రూపం ఇచ్చాడు. 1874లో ముసోర్గ్‌స్కీ దాన్ని కూర్చింది మరణించిన చిత్రకార మిత్రుడి బొమ్మల ప్రదర్శన చూసి. బొమ్మల నుంచి పుట్టిన సంగీతం మళ్లీ బొమ్మల్లోకి వచ్చింది, కానీ పాత బొమ్మల్లోకి కాదు. రెండు దృశ్యాల్లో తప్ప మనుషులు లేరు. రంగు ఆకారాలే వెలుతురులో కదులుతూ, మారుతూ పోయాయి. ‘పసుపు నాదం’తో కోరుకున్నది ఇలా కొంతైనా తీరింది.

1933లో నాజీల ఒత్తిడితో బౌహౌస్ మూతపడింది. ఆ ఏడాది చివర్లో కాండిన్‌స్కీ పారిస్ పక్కనున్న నైయీ చేరాడు. 1937లో నాజీలు జర్మన్ మ్యూజియాల నుంచి ఆయన చిత్రాలు 57 జప్తు చేశారు, కొన్నిటిని ‘పతిత కళ’ ప్రదర్శనలో వెక్కిరింతకు పెట్టారు. పారిస్ కాలపు బొమ్మల్లో సూక్ష్మజీవుల్లాంటి మెత్తని ఆకారాలు, తేలికైన రంగులు కనిపిస్తాయి. 1939లో నల్లని నేపథ్యం మీద ‘కంపోజిషన్ 10’ వేశాడు. యుద్ధకాలపు కొరతలో చిన్న అట్టల మీద కూడా పనిచేశాడు. 1944 డిసెంబరు 13న నైయీలోనే మరణించాడు.

మొదటి మూడు ‘కంపోజిషన్లు’ రెండో ప్రపంచయుద్ధంలో నాశనమయ్యాయి. తన దగ్గర మిగిలిన చిత్రాలను ముంటర్ మూర్నౌ ఇంటి నేలమాళిగలో నాజీల కంటపడకుండా దాచి, 1957లో తన ఎనభయ్యో పుట్టినరోజు సందర్భంగా మ్యూనిక్‌లోని లెన్‌బాఖ్‌హౌస్ మ్యూజియానికి ఇచ్చింది. ‘ఇంప్రెషన్ 3 (కచేరీ)’ అక్కడే ఉంది. న్యూయార్క్‌లోని గుగ్గెన్‌హైమ్ మ్యూజియంలో నూటయాభైకి పైగా చిత్రాలున్నాయి. వాటిలో ‘కంపోజిషన్ 8’ను సాలమన్ గుగ్గెన్‌హైమ్ 1930లో డెస్సౌ వచ్చినప్పుడు కొన్నాడు. నీనా దగ్గరున్నవి, ఆమె 1980లో చనిపోయాక, పారిస్‌లోని పాంపిడూ కేంద్రానికి చేరాయి.